చిలక రెక్క ఎవరు విరిచారు?

మొన్న సంక్రాంతికి అందరం ఏలూరులో అమ్మ దగ్గర చేరాం. మధ్యాహ్నం భోజనాలయ్యాక మా అన్నయ్య కూతురు, పదకొండేళ్ళ పిల్ల, నా ఫోన్ తీసుకుని మంచం మీద బోర్లా పడుకుంది. దాని చేతిలో ఉన్నది నేను రెండేళ్ళుగా రాస్తున్న కథ. ఒక పేరా చదవగానే కింద రెండో మూడో దారులు కనిపిస్తాయి, ఏది నొక్కితే కథ అటు నడుస్తుంది. మాంత్రికుడు, కోట, బందీగా ఉన్న అమ్మాయి, ఆమెను వెతుక్కుంటూ బయల్దేరిన మనిషి. ఆ మనిషే చదివేవాళ్ళు.

మాంత్రికుడి ప్రాణం ఎక్కడుంటుందో తెలుగువాళ్ళకు చెప్పక్కర్లేదు. ఏడు సముద్రాల అవతల మర్రిచెట్టు, చెట్టు తొర్రలో పంజరం, పంజరంలో చిలక. పిల్ల ఆ సముద్రాలన్నీ దాటి, పంజరం తలుపు తీసి, చిలకను చేతిలోకి తీసుకుంది. కింద ఒకటే దారి ఉంది: "కుడి రెక్క విరుస్తాను." నొక్కింది. ఎక్కడో కోటలో మాంత్రికుడి కుడిచెయ్యి తెగిపడింది. "అబ్బా!" అని సంబరంగా అరిచింది. తర్వాతి పేజీలో నేను రాసింది రెండే మాటలు. చిలక కీచుమంది. దాని గుండె దడదడా కొట్టుకోవడం అరచేతికి తెలుస్తోంది. కింద మళ్ళీ ఒకటే దారి: "ఎడమ రెక్క విరుస్తాను."

వేలు ఫోన్ మీద అంగుళం ఎత్తులో ఆగిపోయింది.

"అత్తా, ఇంకో ఆప్షన్ లేదా?"

"లేదమ్మా."

"చిలకేం చేసింది?"

నా దగ్గర జవాబు లేదు. ఫోన్ నా ఒళ్ళో పెట్టి, వాకిట్లో ముగ్గుల దగ్గరికి వెళ్ళిపోయింది. ఆ తర్వాత మూడు రోజులున్నా ఆ కథ అడగలేదు.

ఈ ఘట్టం నేను చిన్నప్పటినుంచీ విన్నదే. బాలనాగమ్మ కథలో మాయల ఫకీరు ప్రాణం ఇలాగే పోతుంది. అమ్మ చెప్పింది, బుర్రకథలో విన్నాను, సినిమాలో చూశాను. రెక్క విరిస్తే చెయ్యి, కాలు విరిస్తే కాలు, మెడ నులిమితే ప్రాణం. ఎన్నిసార్లు విన్నా చప్పట్లు కొట్టానే తప్ప ఒక్కసారి కూడా ఆ చిలక గురించి ఆలోచించలేదు. ఎందుకంటే రెక్క విరిచింది బాలనాగమ్మ కొడుకు బాలవర్ధిరాజు. నేను వింటూ కూర్చున్నాను, అంతే. మా పిల్ల విషయంలో విరిచింది దాని వేలే.

చాలా రోజులుగా ఇది చెప్పాలనుకుంటున్నాను. మన జానపద కథలకు, అంటే మాంత్రికులూ బిలాలూ మాట్లాడే పక్షులూ ఉండే ఆ పాత అద్భుత కథలకు, ఈ ఎంపికల రూపం కన్నా తగిన ఇల్లు ఇప్పుడు ఇంకొకటి లేదు. చదివేవాళ్ళకు స్వేచ్ఛ ఇస్తుందని నేనీ మాట అనడం లేదు. అందరూ ఆ స్వేచ్ఛ గురించే చెబుతారు. నాకు ముఖ్యం బరువు. ఇన్నాళ్ళూ రాజకుమారుడి భుజం మీద పెట్టి మనం తేలిగ్గా కూర్చున్న బరువును ఈ రూపం మన వేలి మీద పెడుతుంది.

ఈ రకం కథలను ఇంటరాక్టివ్ ఫిక్షన్ అంటున్నారు. కంప్యూటర్ మీద దీనికి మూలపురుషుడు విల్ క్రౌథర్ అనే అమెరికన్ ప్రోగ్రామర్. ఆయనకు గుహలంటే ప్రాణం. కెంటకీ రాష్ట్రంలోని మామత్ గుహల్లో పాకి, కొలతలు తీసి, మ్యాపులు గీసిన మనిషి. 1970ల మధ్యలో విడాకులయ్యాయి. కూతుళ్ళు తనకు దూరమవుతున్నారనిపించి, వాళ్ళు ఆడుకోవడానికి తాను తిరిగిన ఆ గుహనే అక్షరాలతో కంప్యూటర్‌లో కట్టాడు. బొమ్మల్లేవు. గది ఎలా ఉందో తెర మీద రాసి వస్తుంది, ఎటు వెళ్ళాలో మనం టైపు చెయ్యాలి. 1977లో స్టాన్‌ఫర్డ్ యూనివర్సిటీలో డాన్ వుడ్స్ దానికి మరిన్ని గదులు, నిధులు, మాయలు చేర్చాడు. అక్కడినుంచి అది ఎన్ని కంప్యూటర్లకు పాకిందో లెక్కలేదు.

ఇందులో నన్ను పట్టుకున్నది ఆ గుహ నిజంగా ఉండటం. మాయలు తర్వాత వచ్చాయి. ముందు ఒక తండ్రి మోకాళ్ళ మీద పాకిన రాయి ఉంది.

అందుకే నా కథ మొదలుపెట్టే ముందు బెలూం గుహలకు వెళ్ళాను. నంద్యాల జిల్లాలో కొలిమిగుండ్ల దగ్గర. చుట్టూ నాపరాళ్ళ నేల, చదునైన పొలాలు. కొండా లేదు, కోనా లేదు. పొలం మధ్య బావుల్లాంటి గుంతలు, వాటిలో ఒక దాంట్లోంచి మెట్లు దిగితే 3,229 మీటర్ల గుహ. బ్రిటిష్ భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్ 1884లో దీని గురించి రాశాడు. ఆ తర్వాత దాదాపు వందేళ్ళకు, 1982-83లో, డేనియల్ గెబోయర్ నాయకత్వంలో జర్మన్ బృందం వచ్చి లోపలంతా కొలిచింది. బిలం అన్న మాటే బెలూం అయిందంటారు. దిగిన పది నిమిషాలకు నా కళ్ళద్దాలు ఆవిరి పట్టాయి. పాతాళగంగ వైపు దిగుతుంటే చెమటకు చేతిలో టికెట్ తడిసి చీలిపోయింది. ఒకచోట వంగి నడుస్తూ తల ఎత్తబోతే పైన రాయి తగిలింది. అక్కడ అర్థమైంది, ఇన్నాళ్ళూ "బిలంలో ప్రవేశించాడు" అని ఒక్క ముక్కలో దాటేసిన చోట ఎంత ఉందో. వంగాలి. చెయ్యి ముందు పెట్టాలి. వెనక్కి తిరగాలా వద్దా అని ప్రతి మలుపులోనూ అనిపిస్తుంది. ఆ అనిపించడమే ఎంపిక కథకు ముడిసరుకు.

పుస్తకాల్లో కూడా ఈ పద్ధతి ఉంది. హైదరాబాద్ వచ్చిన కొత్తలో ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద ఒక పాత ఇంగ్లీషు పుస్తకం దొరికింది. స్టీవ్ జాక్సన్, ఇయాన్ లివింగ్‌స్టన్ కలిసి రాసిన 'ద వార్లాక్ ఆఫ్ ఫైర్‌టాప్ మౌంటెన్', 1982 నాటిది. కథంతా 400 నంబర్ల ముక్కలు. ఈ తలుపు తీస్తే ఫలానా నంబరుకు వెళ్ళు, తియ్యకపోతే ఫలానా నంబరుకు. రాక్షసుడు ఎదురైతే పాచికలు వెయ్యాలి. నా కాపీలో అంతకుముందు చదివినవాళ్ళెవరో పెన్సిల్‌తో తమ బలం లెక్క రాసుకున్నారు. 19, కొట్టేసి 17, కొట్టేసి 13, కొట్టేసి 4. ఆ తర్వాత ఏమీ లేదు. ఎవరో తెలియని మనిషి ఆ కాగితం మీద చనిపోయారు. ఆ నాలుగు అంకెల దగ్గర నాకు కలిగిన దిగులు, మూడు వందల పేజీల నవలలో హీరో చనిపోయినా కలగలేదు.

ఇదంతా ఎక్కడినుంచో వచ్చిన సరుకు, మనకెందుకు అని ఈ మధ్య ఒక సాహిత్య సమావేశంలో ఒక పెద్దాయన అన్నారు. ఆయన మీద గౌరవం ఉంది, కానీ ఆ మాట ఒప్పుకోలేను. కథ చెబుతుంటే ఊఁ కొట్టాలని మనకు చిన్నప్పుడే నేర్పారు. ఊఁ ఆగితే కథ ఆగుతుంది. నిద్రపోయావా అని అమ్మమ్మ అడిగేది. బుర్రకథలో పక్కనున్న ఇద్దరూ వంత పాడకపోతే కథకుడి నోట్లోంచి తర్వాతి మాట రాదు. ఏడు చేపల కథ మొత్తం ప్రశ్నల మీదే నడుస్తుంది, చేపా చేపా ఎందుకెండలేదని అడిగేది కథ చెప్పేవాళ్ళొక్కళ్ళే కాదు, వినే పిల్లలు కూడా. మన ఇళ్ళలో వినేవాళ్ళు ఎప్పుడూ ఊరికే కూర్చోలేదు.

ఇక బేతాళుడు. కథ చెప్పి, ప్రశ్న వేసి, రాజు ముందు మూడు దారులు పెడతాడు. జవాబు తెలిసి చెబితే మౌనం భంగమై శవం చెట్టెక్కుతుంది, మళ్ళీ మొదటికి రావాలి. తెలిసీ చెప్పకపోతే తల వెయ్యి ముక్కలవుతుంది. నిజంగా తెలియకపోతేనే బయటపడే దారి. ఇంత పకడ్బందీగా అల్లిన ఆట నియమం నేను ఇంకెక్కడా చూడలేదు. పదకొండో శతాబ్దంలో సోమదేవుడి కథాసరిత్సాగరంలోనే ఇది ఉంది. అందులో ఆఖరి కథకు రాజు దగ్గర జవాబుండదు. ఒక తండ్రీ కొడుకూ, ఇంకో ఇంటి తల్లీ కూతురూ. తండ్రి ఆ కూతుర్ని, కొడుకు ఆ తల్లిని పెళ్ళాడితే వాళ్ళ పిల్లలు ఒకరికొకరు ఏమవుతారన్న చిక్కుముడి అది. రాజు నోరు మెదపడు. ఆ మౌనం చూసి బేతాళుడు మెచ్చి, సన్యాసి పన్నిన కుట్ర చెప్పేస్తాడు. అంటే ఇన్నిసార్లు చెట్టెక్కి దిగిన కథ మొత్తాన్ని గట్టెక్కించింది జవాబు లేకపోవడం. చందమామలో దశాబ్దాలపాటు వచ్చిన బేతాళ కథలు చదువుతూ పెరిగిన మనకు ఆ చివరి మౌనం చాలామందికి తెలియదు, ఎందుకంటే అక్కడ ప్రతి నెలా రాజు మాట్లాడాల్సిందే, శవం చెట్టెక్కాల్సిందే. చిన్నప్పుడు నేను ఆ చివరి పేరా చేత్తో మూసి, రాజు కన్నా ముందు నా జవాబు చెప్పుకునేదాన్ని. మీలో ఎంతమంది అలా చేశారో నాకు తెలుసుకోవాలని ఉంది.

ఇప్పుడు భాష దగ్గరికి వస్తాను. నాకు ఇష్టమైన చోటు ఇదే.

నా ఉద్యోగం యాప్‌లలో తెలుగు సరిచూడటం. పొద్దున్నుంచీ సాయంత్రం దాకా "మీరు విజయవంతంగా లాగిన్ అయ్యారు" లాంటి వాక్యాల మధ్య ఉంటాను. అందుకని ఇంగ్లీషు ఎంపిక కథను తెలుగులోకి తెస్తే ఏమవుతుందో నాకు బాగా తెలుసు. "మీరు ఒక గుహ ముందు నిలబడి ఉన్నారు. మీ చేతిలో ఒక దీపం ఉంది." చదవగానే బ్యాంకు మెసేజ్ గుర్తొస్తుంది. ఆ 'మీరు' మనిషిని గడప బయటే నిలబెడుతుంది. అమ్మమ్మ ఎప్పుడైనా కథలో మీరు అందా? 'నువ్వు' అనాలి. అసలు ఆ నువ్వు కూడా చాలాచోట్ల అక్కర్లేదు. ఎదురుగా బిలం. లోపలినుంచి వేడిగాలి. వంగావు. పాకావు. మోచెయ్యి గీరుకుంది. క్రియ చివర ఒక్క 'వు' ఉంటే చాలు, చదివేవాళ్ళు లోపల ఉన్నట్టే.

ఆ 'వు'లో ఇంకో గొప్పతనం ఉంది. హిందీలో నువ్వు వెళ్ళావు అనాలంటే ఆడో మగో తేల్చాలి. తెలుగులో అక్కర్లేదు. వెళ్ళావు అంటే మా పిల్ల కూడా, వాళ్ళ నాన్న కూడా, మా అమ్మ కూడా. జానపద కథల్లో సాహసమంతా ఎప్పుడూ మగపిల్లాడిదే. కత్తి పట్టినవాడు, గుర్రమెక్కినవాడు, రాకుమారిని గెలిచినవాడు. ఆ 'డు' తీసేసి 'వు' పెట్టగానే, ఒక్క మాట మార్చకుండా, ఆడపిల్లలు గుర్రమెక్కేశారు. దీనికి నేను ఏ కొత్త సిద్ధాంతమూ తేలేదు. మన వ్యాకరణంలో ఎప్పుడూ ఉన్నదే.

చిక్కంతా పక్కవాళ్ళు మన గురించి మాట్లాడినప్పుడు. కాపలావాడు "ఎవడో వచ్చాడు" అనాలా, "ఎవరో వచ్చింది" అనాలా? వారం రోజులు దాంతో కుస్తీ పట్టి చివరికి "ఎవరో వచ్చినట్టున్నారు" అనిపించాను. భయపడ్డ కాపలావాడికి ఆ మర్యాద అతికినట్టు సరిపోయింది. పిలుపు ఇంకో గొడవ. పేదరాశి పెద్దమ్మ ఏమని పిలవాలి? నాయనా అంటే ఆడపిల్లలు పోయారు, తల్లీ అంటే మగపిల్లలు పోయారు. బిడ్డా అనిపించాను. ఆ మాటతో ఆమె గొంతు కూడా దొరికింది నాకు.

పేరు అడగడం మాత్రం మానేశాను. ఇంగ్లీషు కథల్లో మొదటే నీ పేరేంటని అడిగి, ఆ పేరును కథంతా వాడతారు. మనకు అది కుదరదు. రవి అని రాస్తే రవికి, సీత అని రాస్తే సీతకు, రాముడు అని రాస్తే రాముడికి. పేరు చివర ఏ అచ్చు ఉందో చూసి విభక్తి మారాలి, ఒక్కోసారి పేరే మారాలి. కంప్యూటర్‌కు ఇవన్నీ నేర్పకపోతే "రాముడుకు దాహం వేసింది" అని వస్తుంది. ఆ ఒక్క తప్పుతో బిలం, చీకటి, వేడిగాలి అన్నీ ఎగిరిపోయి, ఎదురుగా ఒక పాడైపోయిన యాప్ మిగులుతుంది. టైపు చేసి ఆడే రకం కథలకైతే ఇంకా కష్టం. దీపం, దీపాన్ని, దీపంతో, దీపంలో, ఇవన్నీ ఒకే దీపమని యంత్రానికి తెలియాలి కదా.

దారుల మీద రాసే మాటలు కూడా నాకు చాలాకాలం కుదరలేదు. మొదట "లోపలికి వెళ్ళు" అని పెట్టాను. చదువుతుంటే ఎవరో తోస్తున్నట్టు ఉంది. "లోపలికి వెళ్ళడం" అంటే గవర్నమెంట్ ఫారం. చివరికి "వెళ్తాను" అని పెట్టాను. అది ఊఁ కొట్టే గొంతు. కథ అడుగుతుంది, విన్నవాళ్ళు బదులిస్తారు. మా పిల్ల వేలు ఆగింది ఆ 'విరుస్తాను' దగ్గరే. అక్కడ "రెక్క విరువు" అని ఉండి ఉంటే, ఎవరో చెప్పారు నేను చేశాను అని నొక్కేసి ఉండేదని నా నమ్మకం.

అందుకే అనువాదాలు చాలవంటాను. ఈ రూపంలో తెలుగు మొదటి వాక్యంనుంచీ తెలుగుగా పుట్టాలి. మామూలు నవలకు అనువాదం కొంచెం బిగుసుకున్నా పాఠకులు సర్దుకుంటారు. ఇక్కడ ప్రతి పేజీ పాఠకులతో నేరుగా మాట్లాడుతోంది, మాట తేడాపడితే ఎదుటి మనిషి లేచి వెళ్ళిపోతారు.

చదివేవాళ్ళు ఎక్కడున్నారు అని అడుగుతారు. ఒక్క బొమ్మ కూడా లేకుండా, అచ్చంగా అక్షరాలతో ఇలాంటి కథలు అమ్మి నిలబడిన సంస్థలున్నాయి. చాయిస్ ఆఫ్ గేమ్స్ అనే అమెరికన్ సంస్థ 2009లో ఇలాగే మొదలైంది, మొదటి కథలో మనమే డ్రాగన్. బ్రిటన్‌లో ఇంకిల్ అనే చిన్న సంస్థ, అక్షరాలకు బొమ్మలు కూడా జోడించి, 2014లో '80 డేస్' తెచ్చింది. ఆవిరి యంత్రాలతో నడిచే ఒక ఊహాలోకంలో ప్రపంచం చుట్టి రావడం. దాన్ని ఎక్కువ భాగం రాసింది మేఘన జయంత్, భారతీయ మూలాలున్న రచయిత్రి. లక్షల మాటలు రాస్తే, ఒకసారి ఆడినవాళ్ళకు కనిపించేది అందులో చిన్న ముక్క. ఆ రాసే శ్రమను నేను ఇప్పుడు ఒంటితో అర్థం చేసుకోగలను.

మన దగ్గర ఈ అభిరుచి లేదనడం అన్యాయం. దాసరి సుబ్రహ్మణ్యం గారు చందమామలో తోకచుక్కతో మొదలుపెట్టి కంచుకోట, జ్వాలాద్వీపం, రాకాసిలోయ, పాతాళదుర్గం అని ఏళ్ళ తరబడి సీరియళ్ళు రాశారు. పక్కన చిత్రా గారి బొమ్మలు. నెలనెలా సరిగ్గా కొండచిలువ నోరు తెరిచిన చోట ఆపేవారు. అప్పుడు ముప్ఫై రోజులు ఇంటింటా పిల్లలు ఏం చేసేవాళ్ళు? ఏమై ఉంటుందో చెప్పుకునేవాళ్ళు. మా అమ్మ, మా పిన్ని ఆ నెలంతా చెరో దారి కల్పించి పోట్లాడుకునేవాళ్ళట. ఎంపిక కథ అప్పుడే ఉంది, నొక్కడానికి బటన్ లేదంతే. చందమామ ఆగిపోయి పదేళ్ళు దాటింది. ఆ రుచి తెలిసినవాళ్ళు మన చుట్టూ ఉన్నారు, వాళ్ళకు కొత్తగా పెట్టినవాళ్ళే తక్కువ.

ఈ-బుక్కుల సంగతి నిజంగా బాధగా ఉంటుంది. తెలుగు జానపద నవలలు నెట్‌లో దొరికేవి ఎక్కువ భాగం పాత పుస్తకాల స్కానింగులు, లేకపోతే డీటీపీ ఫాంట్లతో చేసిన పీడీఎఫ్‌లు. ఫోన్‌లో తెరిచి, రెండు వేళ్ళతో పెద్దది చేసుకుని, వాక్యం చివరికి జరిపి, మళ్ళీ వెనక్కి లాగి చదవాలి. 2016లో కిండిల్‌లో ఐదు భారతీయ భాషల పుస్తకాలు మొదలుపెట్టినప్పుడు హిందీ, తమిళం, మరాఠీ, గుజరాతీ, మలయాళం ఉన్నాయి, తెలుగు లేదు. నేను నా కథను ఈపబ్, అంటే ఈ-బుక్కులకు వాడే ఫైలు, చేసి ఒక అమ్మకాల సైట్‌కు పంపితే, వాళ్ళ రీడర్‌లో 'స్త్రీ' అన్న మాట మూడు ముక్కలై కనిపించింది. మూడుసార్లు మెయిల్ రాశాను. ఫైలు మార్చి పంపమన్నారు, మార్చాను, మళ్ళీ అదే. చివరికి వెనక్కి తీసుకున్నాను.

ఈపబ్ మీద నాకు ఇంకో ఫిర్యాదు ఉంది. అది లోపల వెబ్ పేజీల మూటే కాబట్టి లింకులు చక్కగా పనిచేస్తాయి. కానీ చాలా రీడర్లలో దానికి జ్ఞాపకం ఉండదు. నా కథలో పెద్దమ్మ ఒక చిటికెడు ఉప్పు మూట కట్టి ఇస్తుంది. తీసుకోవచ్చు, వద్దనొచ్చు. యాభై పేజీల తర్వాత ఒకచోట ఆ ఉప్పు అవసరమవుతుంది. ట్వైన్ లాంటి ఉచిత పరికరంతో వెబ్ పేజీగా చేస్తే, ఉప్పు ఉందా లేదా అన్నది అదే గుర్తుపెట్టుకుంటుంది, తెలుగు అక్షరాలు కూడా బ్రౌజర్‌లో నిక్షేపంగా వస్తాయి. ఈపబ్‌లో అయితే ఉప్పు తీసుకున్నవాళ్ళకు యాభై పేజీలు, తీసుకోనివాళ్ళకు అవే యాభై పేజీలు విడిగా పెట్టాలి. పెట్టాను. ఎందుకంటే అమ్మకు లింకు పంపితే నెట్ లేదంటుంది, ఫైలు అయితే ఫోన్‌లో ఉంటుంది.

కోపం తెప్పించే సంగతి ఒకటి. ఈమధ్య ఫోన్లలో వచ్చే కొన్ని కథల్లో "నవ్వుతూ చెప్తావా, కోపంగా చెప్తావా" అని అడుగుతారు. ఏది నొక్కినా తర్వాతి వాక్యం ఒకటే. అది మోసం. పాఠకులు ఒకసారి కనిపెట్టారంటే ఇక ఏ ఎంపికనూ నమ్మరు. ఒకే దారి ఉంటే ఒకటే చూపించాలి. నా చిలక దగ్గర చేసింది అదే, అది తప్పో ఒప్పో వేరే మాట.

మా అన్నయ్య అడిగిన ప్రశ్న మాత్రం గట్టిది. "ముగింపు చదివేవాళ్ళే తేల్చుకుంటే ఇక రాసేవాళ్ళెందుకు?" అన్నాడు. లెక్క వేసి చూపించాను. ప్రతి చోటా రెండేసి దారులిచ్చి, ఒక్కటీ కలపకుండా పోతే పదో మలుపుకు 1,024 కథలవుతాయి. ఎవరూ రాయలేరు. అందుకని రాసేవాళ్ళు దారుల్ని విడదీసి, మళ్ళీ ఒకచోట కలుపుతారు. ఎక్కడ కలపాలో తేల్చడమే రచన. మన కథల్లో ఆ చోటు ఎప్పటినుంచో ఉంది. రాజకుమారుడు అడవిలోంచి వచ్చినా, నది దాటి వచ్చినా, ఓడ మునిగి ఒడ్డుకు కొట్టుకొచ్చినా, చీకటి పడేసరికి చేరేది పేదరాశి పెద్దమ్మ ఇంటికే. అన్నం పెడుతుంది, ఊళ్ళో సంగతి చెబుతుంది, మూల గదిలో పడుకోమంటుంది. ఈ పని కోసమే ఆమెను పుట్టించారా అనిపిస్తుంది నాకు.

ఇంకో పాత మలుపు ఉంది. తూర్పుకు వెళ్ళు, పడమరకు వెళ్ళు, దక్షిణానికి వెళ్ళు, ఉత్తర దిక్కుకు మాత్రం వెళ్ళకు. కథల్లో అందరూ ఉత్తరానికే వెళ్తారు, వెళ్ళకపోతే కథ లేదు. నేను "వెళ్ళను" అన్న దారి కూడా పెట్టాను. అది ఎవరూ నొక్కరనుకున్నాను. అమ్మ నొక్కింది. వద్దని పెద్దవాళ్ళు చెప్పాక ఎందుకు వెళ్ళడం అంది. అప్పటికి నేను ఆ దారిలో రెండే వాక్యాలు రాసి ఉన్నాను: ఇంటికి తిరిగొచ్చావు, ఆ అమ్మాయి ఏమైందో ఎవరికీ తెలియలేదు. అమ్మ కళ్ళద్దాలు తీసి పమిటతో తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుని, ఆ రెండు వాక్యాలూ ఇంకోసారి చదివింది. తర్వాత ఏమీ అనకుండా వెనక్కి వెళ్ళి ఉత్తరం నొక్కింది. అరవై ఎనిమిదేళ్ళ మనిషి, ఇన్నేళ్ళు కథలు విని చెప్పిన మనిషి, మొదటిసారి తనే ఒక అమ్మాయిని వదిలేసి వచ్చింది, మొదటిసారి తనే వెనక్కి వెళ్ళింది. చిలక దగ్గర అమ్మ ఆగలేదు. ఒకదాని తర్వాత ఒకటి అన్నీ నొక్కేసింది. "పిల్ల బయటపడాలి కదా" అంది.

హైదరాబాద్ వచ్చాక నెల రోజులు నేను ఆ ఫైలు తెరవలేదు. మొన్న ఆదివారం మా అన్నయ్య ఫోన్ చేస్తే పిల్ల లాక్కుంది. స్కూలు సంగతులన్నీ చెప్పి, పెట్టేసే ముందు అడిగింది. "అత్తా, ఆ చిలక ఇంకా అలాగే ఉందా?" ఉంది. ఫైలులో అది వదిలిన పేజీ అలాగే ఉంది, ఒక రెక్కతో. ఇంకో దారి రాస్తానని మాటిచ్చాను.

ఆ రాత్రే కూర్చుని "చిలకను పంజరంలోంచి వదిలేస్తాను" అని ఒక దారి కలిపాను. నొక్కితే ఏం రావాలో రాయాలి. ఒక రెక్కతో చిలక ఎంతదూరం ఎగురుతుంది? ఒక చేత్తో మాంత్రికుడు కోటలో ఏం చేస్తుంటాడు? నాలుగు రోజులయింది. నిన్న అమ్మకు ఫోన్‌లో ఈ సంగతి చెప్పాను. అంతా వింది. మధ్యలో ఎక్కడా ఊఁ అనలేదు. చివర్లో అడిగింది.

"మరి ఆ కోటలో పిల్ల?"